చప్పట్లూ, షట్టర్లూ

మా మనవరాలికి వేసవి సెలవులిచ్చారంటే ఇల్లంతా పుస్తకాలే. మొన్న వచ్చినప్పుడు తెచ్చుకున్న వాటిల్లో దిండంత నవల ఒకటి ఉంది. ఏదో లేని లోకం, లేని కొండలు, లేని రాజులు. ఆ కొండల్లో ఒక శబ్దం పుడుతుందిట. అది చెవిన పడ్డవాళ్ళు చేస్తున్న పని చేస్తున్నట్టు వదిలేసి పరుగెత్తుతారుట. ఎందుకో తెలీదు, ఎక్కడికో తెలీదు. లోయలో పడేదాకా పరుగే.

"చదువుతుంటేనే ఒళ్ళు జలదరిస్తోంది నాన్నమ్మా! ఇలాంటిది నిజంగా ఉంటేనో?" అంది.

నేను ఆవకాయ ముక్కలు తుడుస్తున్నాను. "ఉంటేనో ఏమిటే తల్లీ, ఉంది. మీ నాన్నకి ఏడేళ్ళప్పుడు మన వీధిలోనే వినిపించింది," అన్నాను.

పుస్తకం మూసి వచ్చి నా పక్కన చతికిలబడింది. ఇక చెప్పక తప్పుతుందా?

నేను 1974లో తెనాలి నుంచి హైదరాబాదు కాపురానికి వచ్చాను. మా ఇల్లు పాతబస్తీలో, శాలిబండ దగ్గర, అక్కన్న మాదన్న గుడికి నాలుగడుగుల దూరం. వచ్చిన కొత్తలో నాకు ఆ ఊరు కళ్ళకంటె ముందు చెవులకే పరిచయమయింది. తెల్లవారక ముందే మసీదులో అజా, ఆ వెనకే గుడిగంట. తర్వాత రిక్షా గంటలు, పాలవాడి డబ్బా మూత చప్పుడు. చార్మినారు వైపు వెళితే వెండిరేకు సాగగొట్టేవాళ్ళ సుత్తులు, ఠక్ ఠక్ ఠక్ అని పొద్దుగూకులూ ఒకే తాళం. మనం మిఠాయి మీద అంటించుకు తినే ఆ రేకు వెనక అంత మోత ఉందని అప్పటిదాకా నాకు తెలీదు. రంజాను నెలలో సాయంత్రం సైరను మోగేది. మొదటిసారి విని నేను హడలిపోయి గిన్నె జారవిడిచాను. మా అత్తగారు నవ్వి, "ఉపవాసం విడిచే వేళమ్మా, నీకేం కాదులే," అన్నారు.

ఆవిడ చెవులే చెవులు. పప్పు పొంగబోయే ముందు మూత ఎలా కదులుతుందో పక్కగదిలోంచి కనిపెట్టేవారు. మెట్ల మీద మామగారి చెప్పుల చప్పుడును బట్టి ఆ రోజు ఆఫీసులో ఏం జరిగిందో చెప్పేవారు. అలాంటి మనిషి ముఖంలో రంగు మారడం నేను ఒక్క చప్పుడుకే చూశాను. దుకాణాల షట్టర్లు దించే చప్పుడుకి.

రోజూ రాత్రి దించేటప్పుడు అదే ఇనుము, అదే మోత. ఎవరూ తలెత్తి చూడరు. కాని పట్టపగలు పదకొండింటికో, మధ్యాహ్నం మూడింటికో అటు చివర ఒకటి గడగడమంటే, దాని వెనక మరొకటి, ఆ వెనక పది. ఆ మోత వీధి పొడుగునా వానజల్లులా మన వైపు నడిచి వచ్చేస్తుంది. 1970ల చివరి నుంచి 1990 డిసెంబరు దాకా పాతబస్తీలో కాపురం చేసిన ఏ ఇల్లాలినైనా అడగండి. ఎక్కడో ఏదో జరిగింది, కర్ఫ్యూ వస్తుంది, బడికి వెళ్ళిన పిల్లాడు, ఆఫీసుకు వెళ్ళిన మొగుడు, డబ్బాలో బియ్యం ఎన్ని ఉన్నాయి – ఇవన్నీ ఆ గడగడలోనే వినిపించేవి.

ఇంతకీ ఆ రోజు సంగతి. 1983. మావాడు రెండో తరగతి. బడి మొఘల్‌పురాలో, రోజూ నడిచే వచ్చేవాడు. నేను బియ్యం ఏరుతున్నాను. మూడున్నర దాటింది. చార్మినారు వైపునుంచి మొదలయింది మోత. మా వీధి మొగలోకి వచ్చేసరికి జనం పరుగు. ఎవర్నడిగినా ఆగి చెప్పేవాడు లేడు. ఒకాయన "పొడిచేశారు" అన్నాడు, ఇంకొకాయన "తగలబెట్టేశారు" అన్నాడు. నేను చేటతో సహా వాకిట్లోకి వచ్చేశాను. బియ్యం ఎక్కడ ఒలికాయో ఈనాటికీ తెలీదు.

మాకూ పక్కింటివారికీ ఒకటే గోడ. ఆ ఇంట్లో ఆవిడను నేను ఆపా అనేదాన్ని. నాకంటె పదిహేనేళ్ళు పెద్ద. నన్ను మాత్రం వేళాకోళంగా 'దుల్హన్ పాషా' అని పిలిచేది, నాకు మావాడు పుట్టాక కూడా! ఆవిడ గుమ్మంలో నిలబడి, కొంగు చెవి మీంచి వెనక్కి తోసుకుని వింటోంది. నేను వీధిలోకి ఉరకబోతే రెక్క పట్టుకు ఆపింది. "రోవొ నక్కో. ఆగి విను. షట్టర్ల వెనక ఏముంది?" అంది.

ఏముంటుంది? నాకు నా గుండె చప్పుడు తప్ప ఏమీ వినిపించలేదు.

"ముందు షట్టర్లు పడతాయి. వెనక అరుపులు రావాలి, రాళ్ళు రావాలి, పోలీసువాళ్ళ విజిళ్ళు రావాలి. ఏవీ లేవు. ఉత్త షట్టర్లే. కుచ్ నై హోతా," అని, నన్ను లోపలికి తోసి తన పెద్దకొడుకును బడి దారిన పంపింది.

అరగంటకి మావాడు ఆ అబ్బాయి భుజం మీద ఎక్కి వచ్చాడు. చేతిలో సగం కొరికిన ఉస్మానియా బిస్కట్టు. షట్టర్లు పడుతున్నప్పుడు దారిలో ఉన్న ఇరానీ హోటలాయన వాణ్ణి కాలరు పట్టుకు లోపలికి లాగి తన షట్టరు దించాడట. బిస్కట్టుకు డబ్బులు పుచ్చుకోలేదుట. మావాడికి మాత్రం అది భలే తమాషాగా ఉంది.

ఏమయిందీ అంటే ఏమీ కాలేదు. గుల్జార్ హౌజు దాపున తోపుడుబండి మీంచి ఇనపరేకులు జారి రాతి మీద పడ్డాయి. ఆ పెద్ద చప్పుడుకు దగ్గర్లో ఒక దుకాణదారు ఉలిక్కిపడి షట్టరు లాగాడు. ఆయన లాగాడని పక్కాయన లాగాడు. అక్కణ్ణుంచి మా శాలిబండ దాకా వచ్చేసరికి రేకుల చప్పుడు కాస్తా కత్తిపోటు అయింది, అగ్గి అయింది. అంతే. కాని ఆ పరుగులో మా వీధి చివర గాజుల మలారం పెట్టుకునే ముసలమ్మను ఎవరో తోసేశారు. తుంటి ఎముక విరిగింది. గాజులన్నీ పొడి. ఆవిడ మళ్ళీ నిటారుగా నడవలేదు. తన్ను తోసినవాడు ఎవరో ఆవిడకీ తెలీదు, తోసినవాడికీ తెలిసుండదు. వాడి వెనకా ఎవరూ తరమలేదు మరి!

"ఆ నవల్లో శబ్దం ఇదేనే," అన్నాను మనవరాలితో.

"మరి అంతకు ముందెప్పుడూ ఇలా కాలేదా?" అంది. చదువుకున్న పిల్లలతో ఇదే చిక్కు, కథ చెబితే చరిత్ర అడుగుతారు. అయితే నాకూ ఆ జబ్బు ఉంది. మా ఇల్లు అక్కన్న మాదన్న గుడి పక్కన కాబట్టి, కూరలు తరుగుతూ ఆ అన్నదమ్ముల కథ గురించి దొరికిన పుస్తకమల్లా చదివాను. మా వారు లైబ్రరీ నుంచి తెచ్చి, "పరీక్షకేమైనా కడుతున్నావా?" అని ఎగతాళి చేసేవారు.

ఈ ఊళ్ళో ఇలాంటి పరుగు 1685లోనే జరిగింది. అప్పుడు షట్టర్లు లేవు.

అప్పటికి చార్మినారు కట్టి తొంభై ఏళ్ళు దాటింది. దాని ఉత్తరాన నాలుగు కమానులున్నాయి కదా, వాటిల్లో తూర్పుది, ఇప్పుడు మనం కాలీ కమాన్ అనేది, రాజుగారి నగారాఖానా. వేళకు నగారా మోగేది. ఊరు దాన్ని విని లేచేది, దాన్ని విని దుకాణం కట్టేది. రాజు అబుల్ హసన్ కుతుబ్‌షా, తానీషా. 1672లో గద్దెనెక్కాడు. మాదన్న ఆయన ప్రధాని, అక్కన్న మాదన్నకు అన్నగారు, కంచర్ల గోపన్న అంటే మన భద్రాచల రామదాసు వాళ్ళ మేనల్లుడు. ఇదంతా మీకు తెలిసిందే.

ఔరంగజేబు కొడుకు షా ఆలం మొగలు సైన్యంతో ఊరి మీదకు వచ్చాడు. ఎదుర్కోవలసిన గోల్కొండ సేనాపతి మీర్ మహమ్మద్ ఇబ్రహీం శత్రువుతో కలిసిపోయాడు. ఆ వార్త రాగానే తానీషా ఎవరికీ చెప్పకుండా, నగలపెట్టెలూ కొద్దిమంది నౌకర్లూ వెంటబెట్టుకుని, రాత్రికి రాత్రి గోల్కొండ కోటలో దూరాడు. పెద్దపెద్ద ఉద్యోగులకు సైతం చెప్పలేదు. నగారా లేదు, దండోరా లేదు. రాజు వెళ్ళిన చప్పుడే లేదు.

ఆ తర్వాత ఊరికి తెలిసింది. ఎలా తెలుస్తుంది? పక్కింట్లో తలుపు చప్పుడయి, ఆ పక్కింట్లో ఏడుపు వినిపించి, వీధిలో అడుగులు వినిపించి. గోల్కొండ ఇక్కడికి సుమారు పది కిలోమీటర్లు, పురానాపూల్ మీదుగా దారి. చీకట్లో ఊరు ఊరంతా ఆ దారిన పడింది. ఖాఫీ ఖాన్ అని మొగలుల కాలపు చరిత్రకారుడు ఈ రాత్రిని రాశాడు. మామూలుగా పాలకీ తెర ఎత్తి చూడని ఇళ్ళ స్త్రీలు ఒంటి మీద ముసుగు లేకుండా, దుప్పటి వెతుక్కునే వ్యవధి లేకుండా, మగవాళ్ళు చేతులు పట్టుకు లాక్కుపోతుంటే పరుగెత్తారట. బళ్ళు లేవు, గుర్రాలు లేవు. తెల్లవారక ముందే మొగలు సైనికులు ఊళ్ళో పడి దోచారు. ఆపమని షా ఆలం ఆజ్ఞ ఇచ్చినా వినేవాడు లేడు. కోటకు చేరలేని ఆడవాళ్ళు, పిల్లలు వాళ్ళ చేతుల్లో పడ్డారు.

ఆ పేజీ చదివిన రోజున నాకు అన్నం సయించలేదు. ఆ రాత్రి వాళ్ళలో ఎవరైనా ఒక్కక్షణం ఆగి 'ఏ వైపునుంచి వస్తోంది చప్పుడు' అని విన్నారో లేదో! విన్నా ఏం లాభంలెండి, ఆ రాత్రి వచ్చింది రేకుల చప్పుడు కాదు, నిజమైన సైన్యమే.

తర్వాత సంధి జరిగింది. సంధి అంటే ఇంకా డబ్బు, ఇంకా అవమానం. మాదన్ననూ అక్కన్ననూ తీసెయ్యాలని షరతు. తానీషా వాయిదాలు వేస్తుంటే 1686 మార్చిలో గోల్కొండ వీధిలోనే ఆ ఇద్దర్నీ చంపేశారు. అంతఃపురంలో పెద్దరాణుల చెయ్యి ఉందని చరిత్రకారులు రాశారు. పోయిన మంత్రులను మా వీధి గుడి మాత్రం మరిచిపోలేదు. బోనాల నాడు వాళ్ళ పేరుతోనే పిలుస్తారు, పసుపు కుంకాల మధ్య ఎవరికీ ఆ మార్చి నెల గుర్తుండదు.

"మరి కోటలో చప్పట్లు కొడితే పైకి వినిపిస్తుందిట కదా, అది ఈ గొడవల కోసమేనా?" అంది మనవరాలు.

అది అక్కడికి వెళ్ళి చూస్తేనే బాగుంటుందనిపించింది. మర్నాడు ఎండ కాస్త దిగాక ఇద్దరం గోల్కొండకు బయలుదేరాం.

కోట బయటి గోడకు 87 బురుజులు, 8 ద్వారాలు. ఏనుగులు కుమ్మకుండా తలుపులకు ఇనపమేకులు. ఇవన్నీ దాటి లోపలి కోటకు వస్తే బాలా హిస్సార్ దర్వాజా. దాన్ని దాటగానే పైన గుమ్మటం ఉన్న మండపం. అక్కడ నిలబడి చప్పట్లు కొడితే, కొండ పైన సుమారు 400 అడుగుల ఎత్తున ఉన్న బారాదరిలో వినిపిస్తుంది. గైడు కిలోమీటరు దూరం అన్నాడు. అదే నిజమైతే మనం చప్పట్లు కొట్టాక పైవాడి చెవికి మూడు సెకన్లలో చేరుతుంది. గాలిలో శబ్దం సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుంది కదా. ఆ లెక్క మనవరాలు చెప్పింది, నా గొప్ప కాదు.

ఇందులో మంత్రమేమీ లేదు. గుమ్మటం లోపలి వంపు అద్దాల దీపంలాంటిది. దీపం వెనక తళుకు రేకు పెడితే వెలుతురు చెదిరిపోకుండా ఒక వైపుకే పోతుంది చూడండి, అలాగే ఇక్కడ చప్పుడు చెదరకుండా పోగుపడి, ఎదురుగా కొండ వైపుకే పోతుంది. అందుకే గుమ్మటం కింద సరైన చోట నిలబడాలి. నాలుగడుగులు పక్కకు జరిగి కొడితే మీ చేతులు నొప్పెట్టడమే. గేటు దగ్గర కొత్తమనిషి వస్తే కాపలావాడు కొట్టేవాడనీ, పైన ఉన్నవాళ్ళు జాగ్రత్తపడేవారనీ చెబుతారు.

నాకు అన్నిటికంటె నచ్చింది, ఆ చప్పుడు పైకి చప్పట్లుగానే చేరుతుంది. మా వీధిలోలాగా దారిలో కత్తీ అవదు, అగ్గీ అవదు. మధ్యలో మనుషులు లేరు కదా, రాళ్ళే.

1687 జనవరి చివర ఔరంగజేబు స్వయంగా ఈ కోట ముందుకు వచ్చి దిగాడు. దగ్గర దగ్గర ఎనిమిది నెలలు ముట్టడి. మొదట్లోనే కోట మీంచి పేలిన ఫిరంగి గుండు కిలిచ్ ఖాన్ చెయ్యి ఎగరగొట్టింది. తర్వాతి కాలంలో ఈ హైదరాబాదును ఏలిన మొదటి నిజాముకు ఈయన తాతగారు. వైద్యులు భుజంలోంచి ఎముక ముక్కలు ఏరుతుంటే ఆయన రెండో చేత్తో కాఫీ తాగుతూ వచ్చినవాళ్ళతో మాట్లాడుతున్నాడట. మూడు రోజులకు పోయాడు. (మా వారికి వేలు తెగితే ఇల్లంతా లేవాలి, అది వేరే సంగతి.)

ఫిరంగులు ఎనిమిది నెలలూ మోగుతూనే ఉన్నాయి. ఇప్పటికీ పెట్ల బురుజు మీద ఔరంగజేబు ఫిరంగి ఫతే రహబర్ పడి ఉంది. అయితే కోటలోవాళ్ళకు ఆ మోత అలవాటయిపోయి ఉండాలి. మా అత్తగారు రాత్రి షట్టర్లకు తలెత్తనట్టే. కోటను కాపాడింది ఏమిటో తెలుసునా? ఊరకుక్క అరుపు.

మే నెలలో ఒక రాత్రి మొగలు సేనాని ఫిరోజ్ జంగ్ చప్పుడు కాకుండా నిచ్చెనలు వేయించాడు. కొందరు గోడ ఎక్కేశారు కూడా. అది చూసి ఒక తొందరమనిషి ఔరంగజేబు దగ్గరకు పరుగెత్తి, కోట మనదే అని చెప్పేశాడు. ఆయన ప్రార్థన ముగించి, విజయ నగారా మోగించమని, రాజవస్త్రాలు తెమ్మని ఆజ్ఞ ఇచ్చాడు. ఇక్కడేమో గోడ మీద తిండి వెతుక్కుంటున్న ఊరకుక్క ఒకటి కొత్త మనుషుల్ని చూసి మొరిగింది. కాపలావాళ్ళు లేచారు. ఎక్కినవాళ్ళను నరికారు, నిచ్చెనలు తోసేశారు. అక్కడ గెలిచినట్టు నగారా, ఇక్కడ ఓడి పడ్డ శవాలు. ఆ నగారా విని మొగలు శిబిరంలో ఎందరు ఆడవాళ్ళు 'హమ్మయ్య, ఇక ఇంటికి పోవచ్చు' అనుకున్నారో పాపం!

తానీషా ఆ కుక్కను పిలిపించి మెడలో రత్నాల పట్టెడ, బంగారు గొలుసు, ఒంటికి జరీ పనిచేసిన కోటు వేయించాడు. ఫిరోజ్ జంగ్‌కు మూడు బిరుదులుంటే దానికీ 'సెహ్ తబ్కా', అంటే మూడంతస్తుల బిరుదు ఇచ్చాడట. ఇది చేసిన కొలువు ఏమైనా తక్కువా అన్నాడట. ఆ ఆపదలో కూడా అంత హాస్యం! ఈ మనిషి మీద నాకు కోపం రావలసిన చోట కూడా రాదు, అదే చిక్కు. 1685 రాత్రి ఊరికి చెప్పకుండా వెళ్ళిపోయినవాడూ ఇతనే కదా.

జూన్‌లో మొగలులు బురుజుల కింద సొరంగాలు తవ్వి మందుగుండు దట్టించారు. కోటలోవాళ్ళు లోపలినుంచి ఎదురు తవ్వి కొంత మందు తీసేసి, నీళ్ళు పోశారు. నిప్పు పెట్టేసరికి పేలుడు కోట మీదకు పోకుండా మొగలుల మీదకే వచ్చింది. బురుజు రాళ్ళు ఎగిరి వందలమంది మీద పడ్డాయి. వెంటనే కోటలోంచి అరుపులు, దాడి. అవతల వానలు, కరువు, రోగం. ఔరంగజేబు శిబిరంలో ఉండి ఇవన్నీ చూసిన ఒకాయన, కవి, నిఅమత్ ఖాన్ ఆలీ, ఈ ముట్టడి మీద వెక్కిరింతలతో పుస్తకమే రాశాడు. ఆయనే తర్వాత చక్రవర్తి వంటశాలకు అధికారి అయ్యాడు. వంటింటి మనిషికి అంతటి నాలుక ఉండడం నాకేమీ ఆశ్చర్యంగా లేదు.

ఇన్ని మోతలు తట్టుకున్న కోట చివరికి ఏ చప్పుడుకు పడింది? సెప్టెంబరు 21 రాత్రి, మూడు గంటల వేళ, అబ్దుల్లా ఖాన్ పన్నీ అనే కోటలోని సేనానే డబ్బు పుచ్చుకుని ఒక చిన్న తలుపు తీశాడు. చప్పట్లు కొట్టవలసినవాడే తలుపు తీస్తే ఇక గుమ్మటం ఏం చేస్తుంది? కుక్క కూడా మొరగలేదు కాబోలు. తెలిసినవాళ్ళను చూసి కుక్క మొరగదు కదా.

అప్పుడు వినిపించాయి అరుపులు. అబ్దుర్ రజాక్ లారీ జీను లేని గుర్రం మీద, పదిపన్నెండుమందిని వెంటేసుకుని వచ్చినవాళ్ళకు అడ్డం పడ్డాడు. ఒంటి మీద డెబ్భై గాయాలు. స్పృహ లేకుండా దొరికాడు. ఔరంగజేబే వైద్యుల్ని పెట్టి బతికించాడు.

తానీషాకు అంతఃపురంలో ఆ కేకలు వినిపించాయి. ఆడవాళ్ళందరూ గొల్లుమన్నారు. ఆయన ఒక్కొక్కరి దగ్గరకూ వెళ్ళి ఊరడించి, క్షమించమని అడిగి, సెలవు తీసుకున్నాడు. తర్వాత కొలువుకూటానికి వచ్చి కూర్చుని, పిలవని అతిథుల కోసం ఎదురుచూశాడు. వేళయింది, ఫలహారం తెమ్మన్నాడు. రూహుల్లా ఖాన్ కత్తి దూసి లోపలికి వస్తే, ముందు తనే పలకరించాడు. తర్వాత దౌలతాబాదు కోటలో ఖైదు, అక్కడే పోయాడు. చరిత్రకారులు ఆ ఫలహారాన్ని తెగ మెచ్చుకున్నారు. నాకు మాత్రం మనసు అటుపోదు. ఆయన సెలవు తీసుకు వెళ్ళిపోయాక ఆ గదుల్లో మిగిలిన ఆడవాళ్ళకు బయటి నగారా వినిపించి ఉంటుంది. ఈసారిది అబద్ధపు నగారా కాదు.

ఇదంతా నేను గుమ్మటం కింద అరుగు మీద కూర్చుని చెప్పాను. పైకి 360 మెట్లు ఉన్నాయిట. నా మోకాళ్ళు ముందే చేతులు జోడించాయి. "నువ్వు పైకి వెళ్ళు, నేను కిందనుంచి చప్పట్లు కొడతాను, వినిపిస్తాయో లేదో ఫోను చెయ్యి," అన్నాను.

పిల్ల ఎగురుకుంటూ వెళ్ళింది. ఒంటరిగా కూర్చుంటే ఆపా గుర్తొచ్చింది. కర్ఫ్యూ రోజుల్లో గుమ్మం దాటడానికి లేదు. రెండు గంటలు సడలిస్తే పాలు, ఉల్లిపాయలు, మందులు. మిగతా పొద్దంతా తలుపులు మూసుకుని ఉండాలి. అప్పుడు మా ఇద్దరికీ మధ్య గోడే దారి. రోకలితో గోడ మీద రెండు దెబ్బలు కొడితే అంతా బాగున్నాం అని అర్థం. మూడు కొడితే ఏదో కావాలి, పెరటి గోడ దగ్గరకు రా అని. రాత్రి పడుకోబోయే ముందు ఆవిడ రెండు కొట్టేది, నేను రెండు కొట్టేదాన్ని. ఒకసారి నేను మరిచిపోయి నిద్రపోతే, ఆవిడ గోడ పగిలేట్టు కొట్టి మా ఇంటిల్లిపాదినీ లేపింది. మా మామగారు ఏం ముంచుకొచ్చిందో అని లేచి కూర్చున్నారు. మర్నాడు పెరటి గోడ మీంచి ఆవిడ పెట్టిన చివాట్లు నా జన్మలో మరిచిపోను. 1991లో మేము ఇల్లు మారి దిల్‌సుఖ్‌నగర్ వచ్చేశాం. కొత్తింట్లో మొదటి రాత్రి పడుకునే ముందు నా చెయ్యి గోడ మీదకు పోయింది. అవతల ఖాళీ స్థలం. ఆపా పోయి కూడా చాలా ఏళ్ళయింది.

ఫోను మోగింది. "నాన్నమ్మా, పైకి వచ్చేశాను. ఇక్కడికి బోలెడు చప్పట్లు వస్తున్నాయి. అందరూ కొట్టేస్తున్నారు. నీవి ఏవో ఎలా తెలుస్తాయి?"

నిజమే. నా చుట్టూ ఉన్న గుంపులో పెళ్ళికొడుకులు, కాలేజీ పిల్లలు, చంటిపిల్లల తండ్రులు ఆగకుండా కొడుతూనే ఉన్నారు. గైడు మళ్ళీ మొదటినుంచి చెబుతున్నాడు. వాళ్ళు కాస్త ముందుకు కదిలేదాకా ఆగాను. గుమ్మటం కింద ఒక్క నిముషం ఎవరూ లేరు. లేచి వెళ్ళి సరిగ్గా మధ్యలో నిలబడి, రోకలి పట్టినంత గట్టిగా, రెండు చప్పట్లు కొట్టాను.

కొంచెంసేపు ఫోనులో గాలి హోరు తప్ప ఏమీ లేదు.

"రెండు," అంది మనవరాలు. "రెండే కదూ నాన్నమ్మా?"